గరాజ్‌లో వేణ్ణీళ్ళు

బావగారి దహనానికి ముందురోజు, షికాగో దగ్గర అరోరాలో మాధవి ఇంటి గరాజ్‌లో మడత కుర్చీలు వెతుకుతుంటే, మంచు ఎత్తే పారల వెనక ఆ అల్యూమినియం గంగాళం కనిపించింది. ఒక చెవి ఊడిపోయి, దాని బదులు ఇనప తీగ చుట్టి ఉంది. ఆ తీగ చుట్టింది నేనే. ఇన్ని ఇళ్ళు మారినా, ఎంతో మంచి సామాను ఎవరెవరికో పంచిపెట్టేసినా, అక్క దీన్ని మాత్రం పారేయలేదన్నమాట. టెక్సస్‌లోని ఇర్వింగ్ నుంచి వచ్చే విమానంలోగానీ, మాధవి నన్ను పట్టుకుని ఏడ్చినప్పుడుగానీ నాకు కన్నీళ్ళు రాలేదు. ఆ చొట్టల గిన్నె దగ్గర కుర్చీలు కింద పెట్టేసి, కారుకి ఆనుకుని ఏడ్చాను.

బావగారంటే మా శకుంతలక్క భర్త, డాక్టర్ కోటేశ్వరరావుగారు. మాధవి వాళ్ళ ఒక్కగానొక్క కూతురు. బావగారు ఇల్లినాయ్ నడిమధ్యన, మొక్కజొన్న చేల మధ్య ఒక చిన్న ఊళ్ళో చాలా ఏళ్ళు డాక్టరుగా చేశారు. ఆ ఊరి పేరు రాయను. నన్ను కడుపులో పెట్టుకుని చూసినవాళ్ళూ, కడుపు మండించినవాళ్ళూ ఇంకా కొందరు అక్కడే ఉన్నారు. ఆ ఊరూ, చుట్టుపక్కల పల్లెలూ కలిసి ఆయన్ని రాష్ట్ర శాసనసభకి పంపాయి. రెండుసార్లు గెలిచారు, మూడోసారి ఓడారు. ఆయన రాజకీయ జీవితం అంతే. ఆరోజు కళ్ళు తుడుచుకుని కుర్చీలు లోపలికి మోస్తుంటే మాధవి స్నేహితురాలి కూతురు ఎదురొచ్చింది. వచ్చే ఎన్నికల్లో అరోరా నుంచి శాసనసభకి నిలబడుతున్న పిల్ల. "అంకుల్ మా అందరికీ పయనీర్ ఆంటీ. అంత మంచి పేరున్న డాక్టర్, థర్డ్ టైమ్ ఎలా లాస్ అయ్యారు?" అని అడిగింది. జనం మార్పు కోరుకున్నారమ్మా అన్నాను. అది బావగారి జవాబు. ఎవరు అడిగినా ఆయన చిరునవ్వుతో అదే చెప్పేవారు, నాకూ అదే నోటికి వచ్చింది. అది నిజం కాదు. నిజం ఇప్పుడు రాస్తున్నాను, అక్కని అడిగే రాస్తున్నాను.

నేను ఆ ఊరు వెళ్ళేసరికి రేపల్లెలో ఇంటర్మీడియెట్ అప్పుడే అయింది. అమెరికా చూడాలన్న సరదా నాకు ఉన్నమాట నిజమే గానీ, మా నాన్న నన్ను పంపింది అందుకు కాదు. అక్కకి తొలి కానుపులో బిడ్డ దక్కలేదు. అక్క ఉత్తరాలు రాయడం మానేసింది. దాని పక్కన మనిషి ఉండాలి, నువ్వు వెళ్ళు అన్నారు. ఆ ఊరిని రైలుపట్టా రెండుగా కోస్తుంది. ఇళ్ళన్నీ ఇటు, ఆసుపత్రి అటు. ధాన్యం వేగన్లు లాగే గూడ్సు బళ్ళు ఒక్కోసారి దారికి అడ్డంగా ఆగిపోయేవి. ఎందుకు ఆగిందో, ఎప్పుడు కదులుతుందో చెప్పే దిక్కు ఉండదు. అక్కకి నొప్పులు వచ్చినరోజు అలాగే ఆగింది. కారులో అక్క అరుస్తూ ఉంటే, అంత చదువుకున్న డాక్టరు స్టీరింగ్ పట్టుకుని వేగన్ల వంక చూస్తూ కూర్చున్నారట. ఆసుపత్రికి చేరాక పుట్టిన మగపిల్లాడు ఆ సాయంత్రం దాకా కూడా ఉండలేదు. మనవాళ్ళలో పసిబిడ్డల్ని పూడుస్తారు కదా. ఊరి శ్మశానం చూసుకునే వాల్టర్ అనే ఆయన, మేపుల్ చెట్టు కింద మంచి చోటు చూసి, గుంట తనే తవ్వి, బావగారితో పాటు నిలబడ్డాడు. మట్టి కప్పాక బావగారు అదే బట్టలతో, అదే బూట్లతో ఆసుపత్రికి వెళ్ళి అక్క మంచం మీద కూర్చుని ఆమె చెయ్యి పట్టుకున్నారు. ఈ సంగతి గుర్తుంచుకోవాలి. అక్క మర్చిపోలేదు.

రైలు కట్ట మీదుగా వంతెన కట్టించడానికే ఆయన రాజకీయాల్లోకి దిగారు. చెప్పుకోవడానికి ఇంకో పెద్ద కారణం ఏమీ లేదు. పాత సభ్యుడు విరమించుకుంటే, గింజల గోదాము దగ్గర చేరే రైతులు నలుగురు వచ్చి, డాక్, నువ్వు అందరి ఇళ్ళూ ఎరుగుదువు, నువ్వే నిలబడు అన్నారు. ఊళ్ళో అందరికీ ఆయన డాక్. రేపల్లెలో ఉన్న ఆయన తండ్రికి ఈ సంగతి తెలిసి, అడుసు తొక్కనేల, కాలు కడగనేల అని ఒక్క వాక్యం రాసి పంపారు. బావగారు అది చదివి నవ్వేసి జేబులో పెట్టుకున్నారు. గెలిచారు కూడా. ఆ ఊళ్ళో మా రంగువాళ్ళం మేము ముగ్గురమే. ఎలా గెలిచారని ఇప్పటివాళ్ళు ఆశ్చర్యపోతారు. ఆ ఇళ్ళలో ఎవరికి షుగరో, ఎవరి పిల్లాడికి ఉబ్బసమో ఆయనకి తెలుసు, అదే పెట్టుబడి.

ఆ ఇంట్లో పొద్దు ఎలా గడిచేదో తలుచుకుంటే ముందు వాసనలు వస్తాయి. కోతల కాలంలో ఊరంతా ఎండబెట్టిన మొక్కజొన్న వాసన, పేలాలు వేయిస్తున్నట్టు. అందులోకి మా వంటింటి ఇంగువ పోపు కలిసేది. చలికాలం మొదలవగానే కరివేపాకు కుండీని ఇంట్లోకి తెచ్చి హీటరు పక్కన పెట్టేవాళ్ళం, అక్క దాన్ని పసిపిల్లలా కాచుకునేది. బావగారు గడ్డం గీసుకుంటూ అద్దంలో శాసనసభకి ఉపన్యాసం చెప్పేవారు, గుంటూరు యాసలో ఇంగ్లీషు. పేపరు మాత్రం వెనకనుంచి చదివేవారు. వెనక పేజీలో పోయినవాళ్ళ కబుర్లు ఉండేవి. ఇవాళ ఎవరు, ఏ చర్చి, ఎన్నింటికి అని చూసుకుని, తర్వాతే మొదటి పేజీకి వచ్చేవారు. శనివారం పొద్దున వంటింటి బల్లే ఆయన ఆఫీసు. పెన్షన్ ఆగిపోయిన ముసలమ్మ, లైసెన్సు రాని మంగలి, పొలం గట్టున కాలువ తెగిన రైతు, అందరూ బూట్లు గుమ్మం దగ్గర విడిచి లోపలికొచ్చి కూర్చునేవారు. ఎవరూ విడవమని చెప్పలేదు, మమ్మల్ని చూసి నేర్చుకున్నారు. అక్క చికోరీ కలిపిన ఫిల్టరు కాఫీ పోసేది. దానికి డాక్ కాఫీ అని పేరు. ఫోన్లు ఎత్తడం, ఎవరి వెనక ఎవరో చూసి పంపడం నా పని. అక్కకి మళ్ళీ మాట వచ్చింది ఆ శనివారాల వల్లే అని నా నమ్మకం.

వాల్టర్ భార్య డోరతీ ఈ శనివారాలకి పెద్దదిక్కు. పొడుగ్గా, ఎముకలు గట్టిగా, నవ్వకుండా హాస్యమాడే మనిషి. అక్కకి యాపిల్ పై చేయడం నేర్పింది, అక్క దగ్గర పులిహోర నేర్చుకుని చర్చి భోజనాలకి పసుపన్నం అని పట్టుకెళ్ళేది. ఇంటింటికీ తిరిగి బావగారికి ఓట్లు అడిగింది ఆవిడే. ఎవరైనా ఆయన పుట్టిన దేశం మాట ఎత్తితే, నీ గాల్‌బ్లాడర్ తీసినప్పుడు అడగలేదేం అనేదట.

బావగారు సభ్యుడైన మొదటి ఏడాది అక్కకి మళ్ళీ నెల తప్పింది. ఆయన ఏ చావునీ వదిలేవారు కాదు. ఓట్లకోసం వెళ్తాడని కొందరు అనుకున్నారు గానీ, తన బిడ్డ పోయినప్పుడు వాల్టర్ పక్కన నిలబడ్డందుకు ఆయన ఊరికి తీర్చుకుంటున్న రుణం అది. మనవైపు చావు ఇంటికి వెళ్ళొస్తే బయటే తలారా స్నానం చేసి, బట్టలు తడిపి, దీపం చూసి గాని లోపల దేన్నీ తాకరు. ఆయన అవన్నీ ఎప్పుడో వదిలేశారు. ఒకరోజు ఎవరో రైతుని సాగనంపి వచ్చి, అదే సూటుతో సోఫాలో అక్క పక్కన కూర్చుని మాట్లాడుతూ అన్నం తిన్నారు. మర్నాడే అక్కకి కడుపు పోయింది. ఆసుపత్రి నుంచి వచ్చాక అక్క ఏడవలేదు. గోడవైపు తిరిగి, మీరు మన బాబుని పూడ్చి తిన్నగా నా దగ్గరకే వచ్చారు, ఇప్పుడు కూడా చావు ఇంటినుంచి తిన్నగా నా దగ్గరకే వచ్చారు అంది. ఆయన డాక్టరు. ఆ రెంటికీ సంబంధం లేదని ఆయనకి తెలిసినంత బాగా ఎవరికి తెలుస్తుంది. అయినా మర్నాడు ఎక్కడో పాత సామాన్ల వేలంలో ఆ గంగాళం కొని పట్టుకొచ్చారు. ఆ ఇంట్లో ఇదివరకు ఉన్న రైతు, బురద బూట్లు కడుక్కోడానికి గరాజ్‌లో ఒక కుళాయీ, నీళ్ళు పోయే తూమూ పెట్టించుకున్నాడు. అది మా బావగారి స్నానాల గది అయింది.

ఇల్లినాయ్ చలి సంగతి తెలిసినవాళ్ళకి చెప్పక్కర్లేదు. ఆ గరాజ్ తలుపు సందుల్లోంచి గాలి కోసేది. చావుకి వెళ్ళేముందు ఆయన ఇవాళ ఎంతసేపు పడుతుందో అక్కకి చెప్పి వెళ్ళేవారు. ఆ వేళకి అక్క పొయ్యిమీద నీళ్ళు మరగబెట్టి, మేమిద్దరం చెరో చెవీ పట్టుకుని గంగాళం మోసుకెళ్ళి తూము పక్కన పెట్టేవాళ్ళం. అక్క వేలు ముంచి చూసి, చన్నీళ్ళు కలిపి, మళ్ళీ వేలు ముంచి చూసేది. ఆయన సూటు బకెట్లో పడేసి, వణుకుతూ నాలుగు చెంబులు పోసుకుని, అక్కడే మూలనున్న ఫ్రీజర్ మీద నేను పెట్టిన తువ్వాలు తీసుకుని, పంచె కట్టుకుని లోపలికొచ్చి దేవుడి దగ్గర దీపం చూసేవారు. ఆయనకి దేవుడి మీద ఏమంత నమ్మకం లేదు. దీపంకేసి చూసి, అక్కకేసి చూసేవారు. అప్పుడు అక్క కంచం పెట్టేది. సూట్లు పాడైపోతున్నాయని, చావులకి ఒక్క నల్ల సూటే వేసుకునేవారు. తడిసి తడిసి అది మోకాళ్ళ దగ్గర పొంగిపోయింది. మా ప్రతినిధికి ఒకే సూటని ఊళ్ళో ముచ్చటగా చెప్పుకునేవారు.

మూడోసారి పోటీ చేసిన ఏడు రెండు విషయాలు కలిసొచ్చాయి. వంతెనకి శాసనసభ కమిటీ తలూపింది, ఇంకొక్క మెట్టు మిగిలింది. అక్కకి మళ్ళీ నెల తప్పింది. వంతెన సంగతి ఊరంతా తెలుసు. అక్క సంగతి మేము ముగ్గురం తప్ప ఎవరికీ తెలీదు. దిష్టి తగులుతుందని అక్క భయం. రెండుసార్లు దెబ్బతిన్న మనిషిని తప్పు పట్టడానికి లేదు. వదులు చొక్కాలు వేసుకుని కాఫీ పోసేది, శనివారాలు అవగానే పడుకునేది. ఇంటి గుట్టు లంకకి చేటు అంటారు గానీ, మా విషయంలో గుట్టు దాచినందుకే చేటు జరిగింది.

ఆకులు రాలే కాలంలో వాల్టర్ పోయాడు. బావగారు ఆ మూడు రోజులూ క్లినిక్ మూసేసి డోరతీ ఇంట్లోనే ఉన్నారు. శవపేటిక మోసినవాళ్ళలో ఆయన ఒకరు. తన బిడ్డ ఉన్న మేపుల్ చెట్టుకి కాస్త దూరంలోనే వాల్టర్ని పెట్టారు. తర్వాత చర్చి కింది హాల్లో అందరూ భోజనాలకి చేరుతుంటే, బావగారు ఎవరికీ చెప్పకుండా ఇంటికి వచ్చేశారు. టోపీ మర్చిపోయారు. డోరతీకి ఆ జనంలో ఊపిరాడలేదో, వాల్టర్ గురించి ఇంకో మాట మాట్లాడుకునే మనిషి కావాలనిపించిందో, ఆ టోపీ ఇచ్చే మిషతో తనే కారేసుకుని వచ్చింది. గరాజ్ తలుపు సగం ఎత్తి ఉంది. లోపల బావగారు బనీనుతో నిలబడి నెత్తిమీద నీళ్ళు పోసుకుంటున్నారు. కాసేపటి క్రితం తన భర్తని మోసిన సూటు బకెట్లో మునిగి ఉంది. అక్క దూరంగా, ఆయన తగలకుండా, చెయ్యి చాచి సబ్బు అందిస్తోంది. నేను అక్క వెనక తువ్వాలుతో ఉన్నాను.

డోరతీ ముందు ఏదో ప్రమాదం జరిగిందనుకుంది. ఏమైంది డాక్ అని అడిగింది. చావుకి వెళ్ళొస్తే మేము ఇలా చేస్తామని ఆయన చెప్పారు. "వాల్టర్‌కి కూడానా?" అందావిడ. ఆయన అక్కవైపు చూశారు. అక్క చెయ్యి అప్పటికే పొట్టమీదకి వెళ్ళింది. ఎవరికైనా అంతే డోరతీ, అన్నారు ఆయన. అంతకన్న చెప్పాలంటే అక్క ముందే అక్క సంగతంతా విప్పాలి. డోరతీ టోపీ ఫ్రీజర్ మీద పెట్టి, తలుపు కింద నుంచి వంగి వెళ్ళిపోయింది. ఆవిడ మొహం నేను చూశాను. ఇన్నేళ్ళ తర్వాత కూడా ఆ మొహం తలుచుకోవాలంటే నాకు ఇష్టం ఉండదు.

ఆవిడ చాటింపు వేసే మనిషి కాదు. ఏడుస్తూ తన చెల్లెలికి చెప్పుకుంది. కుండ మూతికైతే మూకుడు పెట్టగలం, లోకం మూతికి పెట్టలేం. చెల్లెలి దగ్గరనుంచి జుట్టు కత్తిరించే షాపుకి, అక్కడినుంచి గోదాముకి, గోదాము నుంచి చుట్టుపక్కల పల్లెలకి పాకింది. డాక్ మనల్ని ముట్టుకుంటే ఇంటికెళ్ళి కడుక్కుంటాడట. మన శవాలు ఆయనకి అంటు అట. ఆ శనివారం నలుగురు వచ్చారు. తర్వాతి శనివారం ఎవరూ రాలేదు, డికాక్షను అలాగే నల్లగా చల్లారిపోయింది. అక్క అడిగితే, ఎన్నికల రోజులు కదా అందరికీ పనులుంటాయి అన్నారు బావగారు. ఆయన డోరతీ ఇంటికి వెళ్ళారు. కారు ఉంది, దీపం వెలుగుతోంది, తలుపు మాత్రం తియ్యలేదు.

నాకు ఒళ్ళు మండిపోయింది. ఆయన కారు తుడుచుకుంటుంటే వెళ్ళి, మీరు నోరు విప్పరేం బావగారూ అని అడిగాను. ఊరికి బాబు సంగతి తెలుసు, రెండోసారి కూడా పోయిందని చెప్పండి, ఇప్పుడు మళ్ళీ కడుపుతో ఉంది, భయపడుతోందని చెప్పండి, ఒక్క మాటతో ఊరంతా మీ ఇంటికే వస్తుంది అన్నాను. ఆయన గుడ్డ పిండి ఆరేసి, నెమ్మదిగా అన్నారు. "అది మీ అక్క దుఃఖం సరళా. దాన్ని తీసుకెళ్ళి నేను వీధిలో పెట్టి ఓట్లు అడుక్కోనా? ఈ గోలంతా దానికి తెలియనివ్వకు. తెలిస్తే స్నానం మానెయ్యమంటది. మానేస్తే పురుడయ్యేదాకా అది నిద్రపోదు." నేను మాటిచ్చాను. అప్పట్నించీ ఫోను నేనే ఎత్తేదాన్ని, ఊళ్ళో సరుకులు నేనే తెచ్చేదాన్ని, అక్కని గడప దాటనివ్వలేదు.

పార్టీ తరఫున ఎన్నికల పని చూసే హెరాల్డ్ అనే విత్తనాల వ్యాపారి ఒక ఉపాయం చెప్పాడు. ఓటింగుకి ముందు వారం, పక్క పల్లెలో అందరూ ఎరిగిన ఒక పెద్దాయన పోయాడు. చర్చి నుంచి జనమంతా మా ఊళ్ళో డైనర్ అనే కాఫీ హోటల్‌కి వచ్చి కాఫీలు తాగుతారు. డాక్, నువ్వు కూడా శ్మశానం నుంచి తిన్నగా అక్కడికి రా. ఆ సూటుతోనే కూర్చో, ఆ చేతుల్తోనే తిను, అందరికీ షేక్‌హ్యాండ్ ఇవ్వు. మాటలక్కర్లేదు, చూస్తారు, సరిపోతుంది. ఉపాయం బాగానే ఉంది. నాకు ప్రాణం లేచొచ్చింది. ఆరోజు బావగారితో నేనూ వెళ్ళాను. తిరిగి వచ్చేటప్పుడు, రోడ్డు ఊళ్ళోకి వచ్చేచోట స్టాప్ గుర్తు దగ్గర ఆగారు. ఎడమవైపు వెళ్తే డైనర్, అద్దాల్లోంచి మనుషులు కనిపిస్తున్నారు, హెరాల్డ్ బయటికి వచ్చి నిలబడి ఉన్నాడు. కుడివైపు మా ఇల్లు. వెనక ఎవరో హారన్ కొట్టారు. బావగారు హెరాల్డ్‌కి చెయ్యెత్తి, కుడివైపు తిప్పారు. కాసేపు కూర్చుని తర్వాత ఇంటికెళ్ళి స్నానం చేయచ్చు కదా అన్నాను నేను. "డైనర్లో అందరూ పిల్లల్ని వెంటబెట్టుకుని ఉంటారు. మీ అక్క మాట ప్రకారం అయితే వాళ్ళని కూడా ముట్టుకోకూడదు" అన్నారు. ఎగతాళిగా అనలేదు. అక్క నమ్మకాన్ని ఆయన అంత నిజాయితీగా పాటించారు, నమ్మకం లేకుండానే.

ఓడిపోయారు. మాధవి పుట్టింది. ఈసారి రైలుని నమ్ముకోకుండా, ముందునుంచే ఆసుపత్రి పక్క మోటెల్‌లో గది తీసుకుని అక్కని అక్కడే ఉంచారు. వంతెన కాగితాలు ఎక్కడో అడుగున పడిపోయాయి. ఆ తర్వాత కూడా బావగారు ఆ ఊళ్ళోనే చాలా ఏళ్ళు వైద్యం చేశారు. మెల్లగా మళ్ళీ అందరూ వచ్చారు, జబ్బు చేస్తే రాక ఏం చేస్తారు. శనివారాలు మాత్రం మళ్ళీ రాలేదు. ఆయన చావులకి వెళ్ళడం మానలేదు, గరాజ్‌లో నీళ్ళూ మానలేదు. నేను చదువు ముగించి, పెళ్ళి చేసుకుని టెక్సస్ వచ్చేశాను. ఇప్పుడు ఆ పట్టా మీద నాలుగు వరసల వంతెన ఉంది, తర్వాతెప్పుడో వచ్చిన ఒక సభ్యుడి పేరుతో. ఒకసారి బావగారిని కూర్చోబెట్టుకుని నేనే దానిమీద కారు నడిపాను. ఆయన కిటికీలోంచి కిందకి చూసి, బాగా కట్టారు అన్నారు. ఆ మాటలో కోపం వెతికాను, దొరకలేదు. ఆయనకి లేని కోపం నాకు ఇప్పటికీ ఉంది.

అరోరాలో దహనం రోజు జనం బాగానే వచ్చారు. గుడి తాలూకు కుర్రాళ్ళు అన్నీ బుక్ చేసి పెట్టారు, పూజారి, పూలు, లైవ్ స్ట్రీమ్. ఆనాడు ఆ పసివాడిని సాగనంపడానికి బావగారి పక్కన వాల్టర్ ఒక్కడే ఉన్నాడు. ఇప్పుడు కారు పెట్టడానికి చోటు లేదు. సౌకర్యం పెరిగిందని సంతోషించాలో, ఇందులో ఆయన శనివారాల బల్ల ఎరిగినవాళ్ళు ఎందరున్నారని బాధపడాలో తెలియలేదు. అంతా అయ్యాక ఇంటి దగ్గర గరాజ్ తలుపు ఎత్తి, గొట్టం లాగి పెట్టారు. వచ్చినవాళ్ళు అక్కడ కాళ్ళు కడుక్కుని, నెత్తిమీద చుక్కలు చల్లుకుని లోపలికి వెళ్తున్నారు. అక్క అప్పటికే లోపల స్నానం చేసి కూర్చుంది. మార్చి నెల, మంచు ఇంకా పూర్తిగా కరగలేదు.

అప్పుడు ఒక కారులోంచి డోరతీ దిగింది. తొంభై దాటిన మనిషి, మేనకోడలు చెయ్యి పట్టుకుని, వాకర్‌తో అడుగులో అడుగు వేసుకుంటూ వచ్చింది. చర్చి గుమ్మంలా నిటారుగా ఉండే మనిషి వంగిపోయింది. నేను ఎదురెళ్ళి, మీరు ఇంట్లోకి రండి, మీకివన్నీ అక్కర్లేదు అన్నాను. ఆవిడ వినలేదు. గరాజ్‌లో మడత కుర్చీ మీద కూర్చుని, వంగి బూట్లు విప్పుకోబోయింది. విప్పుతూనే, ఎవరో అడిగినట్టు చెప్పింది. మాధవి పుట్టాక తను ఊలు టోపీ అల్లుకుని చూడ్డానికి వచ్చిందట. వెళ్ళేటప్పుడు కారు దగ్గర నిలబెట్టి బావగారిని నిలదీసిందట. అప్పుడు ఆయన అంతా చెప్పారట. "ఊరంతటికీ నేనే చెప్తాను, చర్చిలో లేచి నిలబడి చెప్తాను అన్నాను. వద్దన్నాడు. ఒట్టు వేయించుకున్నాడు. నేను విప్పిన మాటని మళ్ళీ కట్టే దారి లేకుండా చేశాడు. వాల్టర్ దగ్గరకి వెళ్ళినప్పుడల్లా అదే చెప్పుకుంటున్నాను." ఆవిడ మేజోళ్ళు తీసింది. పాదాలు నీలంగా ఉన్నాయి. గొట్టం తెరిచి నీళ్ళు పట్టుకోబోయింది.

ఆగు అని తెలుగులో వినిపించింది. అక్క గుమ్మంలో ఉంది. లోపలినుంచి మాధవి ఆ గంగాళం మోసుకొస్తోంది, పొగలు వస్తున్నాయి. అక్క మెట్టు దిగి, డోరతీ ముందు కింద కూర్చుని, నీళ్ళలో వేలు ముంచి చూసింది, చన్నీళ్ళు కలిపింది, మళ్ళీ చూసింది. చెంబుతో ఆవిడ పాదాల మీద పోస్తుంటే, ఆవిడ అక్క తలమీద చెయ్యి వేసి ఏడ్చింది. అక్క విన్నదేమోనని నాకు భయం వేసింది. ఇన్నేళ్ళు కాచిన రహస్యం. అక్కా, ఆవిడ ఏదో పాత సంగతి చెప్తోందిలే, అన్నాను. అక్క తలెత్తకుండానే అంది.

"పాత సంగతి నాకు తెలీదనుకున్నావా? ఎవరూ రాని ఆ శనివారం చల్లారిన డికాక్షను ఒలకబోసింది నేను కాదూ. ఆ పల్లెటూరి పెద్దాయన్ని సాగనంపిన రోజు పొద్దున్నే మీ బావగారికి చెప్పాను, ఇవాళ ఇంటికి రావద్దు, వాళ్ళతో పోయి కూర్చోండి, స్నానం మానెయ్యండి అని. నీ భయం పోయిందా శకుంతలా అని అడిగారు. పోలేదండీ అన్నాను. అయితే నీళ్ళు పెట్టు, అన్నారు."

డోరతీ పాదాల మీద అక్క ఇంకో చెంబు పోసింది.